యానిమేషన్ స్క్రిప్టు తెరవకుండానే తిప్పి పంపుతున్నారా?

మీరు రాసిన ఫ్యామిలీ సినిమా కథ బాగోలేక కాదు. అడగని స్క్రిప్టును అమెరికన్ స్టూడియోలు చాలావరకు చదవవు. రేపు కాపీ కొట్టారని కేసు పడుతుందని భయం. ఏజెంటో లాయరో పంపాలి.

1. రైటర్-ప్రొడ్యూసర్ (రాస్తూనే నిర్మాణమూ చూసేవాళ్లు) కావాలంటే ముందు టీవీ సిరీస్‌లో చేరండి. మొదటి మెట్టు స్టాఫ్ రైటర్, దాని పైన స్టోరీ ఎడిటర్ (అదీ రచయిత పనే), ఆ తర్వాతే ప్రొడ్యూసర్. ‘స్పైడర్-వర్స్’ యానిమేషన్ సినిమాల నిర్మాతలు ఫిల్ లార్డ్, క్రిస్ మిల్లర్‌లు కూడా ముందు 2002లో టీవీ కార్టూనే చేశారు. తొలి సినిమా 2009లో.

2. అందరూ వదిలేసేది స్టోరీబోర్డు. యానిమేషన్‌లో సీను కాగితం మీద ఖరారు కాదు. బొమ్మలు వరుసగా పేర్చి, తాత్కాలిక గొంతులు పెట్టి యానిమాటిక్ చూస్తారు. నవ్వు రాని చోట మళ్లీ రాస్తారు. మీ స్క్రిప్టులో రెండు నిమిషాల సీను అలా చేయించండి. గీతలు వంకరైనా ఫర్వాలేదు, టైమింగే ముఖ్యం.

3. ఏజెంటుకు స్క్రిప్టుతో పాటు ఆ యానిమాటిక్ కూడా పంపండి.