బోరు పడింది సరే, ఆ నీళ్లు తాగి చూశావా?

తమ్ముడూ,

కథ అందింది. సంభాషణలు బాగున్నాయి. చివరి పేజీకి వచ్చాకే ఒళ్లు మండింది. మర్రిగూడ పక్క పల్లెలో బోరు పడింది, నీళ్లు ఎగజిమ్మాయి, లక్ష్మి బిందె పక్కన పడేసి ఆనందంతో ఏడ్చింది, కథ కంచికి. నాయనా, అది నల్గొండ! మాకు కష్టాలు మొదలైందే బోరుతో.

మా అమ్మ కాపురానికి వచ్చిన కొత్తలో చేదబావి నీళ్లే తాగేవాళ్లు. చెరువు పూడింది, పొలాల్లో బోర్లు పెరిగాయి, బావి ఎండింది. బోరు లోతుకు పోయేకొద్దీ రాతిలోని ఫ్లోరైడ్ నీళ్లలో కలిసి పైకొచ్చింది, ఏళ్ల తరబడి తాగినవాళ్ల ఎముకలు వంగిపోయాయి. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే తాగకూడదట. బోరింగు కొట్టేవాళ్లకు ఆ లెక్క ఎవరు చెప్పారు? బోరు ఎక్కడ వెయ్యాలో అరచేతిలో కొబ్బరికాయ పెట్టుకున్నాయన, ఊరి పెద్దలు కలిసి తేల్చారు. మోసింది ఆడవాళ్లు. పదిహేను లీటర్ల బిందె అంటే పదిహేను కిలోలు, ఇత్తడి బరువు వేరే. నీ లక్ష్మి దాన్ని ‘వయ్యారంగా’ చంకనెత్తుకుంది. రేపు పొద్దున నువ్వు ఎత్తుకో, వయ్యారం సంగతి తెలుస్తుంది.

నాలుగు చోట్ల నదిని అమ్మ అన్నావు. కృష్ణమ్మ మా జిల్లాను ఒరుసుకునే పారుతుంది, సాగర్ డ్యామూ ఇక్కడే ఉంది. అయినా మా గొంతు తడవలేదని చెప్పుకోవడానికి 1996లో ఒక్క నల్గొండ లోక్‌సభ స్థానానికి 480 మంది పోటీ చేశారు. బ్యాలెట్ పుస్తకమంత అయింది. దాని మీద కథ రాయరాదూ?

నా మొదటి కథలో బోరింగు దగ్గర వంతుల కొట్లాట నాలుగు పేజీలు రాశాను. ఒక సంపాదకుడు ‘ఇది కథ కాదమ్మా, ఫిర్యాదు’ అని అదంతా కొట్టేసి, వెన్నెల్లో ఏరొకటి పారించి అచ్చేశాడు. అమ్మకు చదివి వినిపిస్తే, ‘ఈ ఏరు యాడుంది బిడ్డా? ఇన్నేండ్లు నాకు చెప్పకపోతివి’ అంది. ఆ పత్రిక మూతపడింది. నాకేం బాధ కలగలేదు.

నవల ఎప్పుడు మొదలుపెట్టాలి, ఏ పోటీకి పంపాలి అని ఏవేవో అడిగావు. తర్వాత చూద్దాం. ముందు సంక్రాంతికి రా, మా చిన్నమ్మ దగ్గరికి తీసుకెళ్తాను. ఇప్పుడు వాళ్లింటికి నల్లా వచ్చింది, వంగిన నడుము మాత్రం లేవలేదు. తలెత్తి నీ మొహం చూడలేదు. నువ్వే కింద కూర్చోవాలి.

మీ అక్క