మీ ప్రశ్న, మా జవాబు: నవ్వించే ఆడవాళ్ల సంగతి

ప్ర: పెళ్లికి ముందు నుంచీ పరిషత్తు నాటికల్లో కామెడీ వేషాలు వేస్తున్నాను. ఈమధ్య హైదరాబాద్‌లో ఒక సీరియల్‌కి ఆడిషన్ ఇచ్చాను. పనిమనిషి వేషం. నటన బాగుందన్నారు గానీ ఆ నెల్లూరు యాస తగ్గించుకోమన్నారు, కుదరకపోతే డబ్బింగ్ వేరేవాళ్లతో చెప్పిస్తారట. వెళ్లాలా, వద్దా?
– ఒక పాఠకురాలు, కావలి

జ: వెళ్లండమ్మా. సింహపురి ఎక్స్‌ప్రెస్ మీ ఊళ్లో ఆగుతుంది కదా, ఇంకేం అడ్డం? కానీ డబ్బింగ్ సంగతి మాత్రం ముందే తేల్చుకోండి. ఏడ్చే హీరోయిన్‌కి ఎవరు గొంతు ఇచ్చినా నడిచిపోతుంది, మన సీరియల్ హీరోయిన్లలో చాలామంది బెంగళూరు నుంచి వచ్చినవాళ్లే, వాళ్లకి ఇక్కడివాళ్లు డబ్బింగ్ చెబుతుంటే జనం చూడ్డం లేదా? కామెడీకి అది కుదరదు. ఎక్కడ సాగదీస్తారో, ఎక్కడ టక్కున ఆపుతారో అదంతా గొంతులోనే ఉంటుంది, అది తీసేస్తే మిగిలేది చేతులు తిప్పడమే.

యాస గురించి మీకు చెప్పాలా? రమణారెడ్డి ఎక్కడివాడు, నెల్లూరువాడే కదా. శానిటరీ ఇన్‌స్పెక్టర్ ఉద్యోగం చేసి మద్రాసు వెళ్లినవాడు. ‘మాయాబజార్’ (1957)లో చిన్నమయ్య, ‘గుండమ్మ కథ’ (1962)లో గంటయ్య, ఆ సన్నటి మనిషి నోరు తెరిస్తే మన జిల్లా వినపడేది, దాన్ని మార్చుకోమని ఎవరైనా అన్నారో లేదో గానీ మార్చుకుని ఉంటే ఆయన రమణారెడ్డి అయ్యేవాడు కాదు. అసలు పనిమనిషి వేషానికి పుస్తకం తెలుగు ఎందుకో నాకు అర్థం కాదు. డైరెక్టర్‌తో గొడవ పెట్టుకోకుండా, "రెండు రకాలుగా చెప్తానండీ, ఏది బాగుంటే అది ఉంచండి" అనండి. ఒకసారి వాళ్లు రాసినట్టు, ఇంకోసారి "ఏందమ్మగోరూ, ఎట్టా చేస్తుండానో చూడండి" అని మీ పద్ధతిలో. చాలాసార్లు రెండోదే నిలబడుతుంది.

యాస కంటే మీకు అసలు ఇబ్బంది పెట్టేది ఇంకోటుంది, దాని గురించి మీరు అడగలేదు. స్టేజీ మీద డైలాగ్ వేశాక జనం నవ్వుతారు, ఆ నవ్వు పైకి లేచి తగ్గుముఖం పట్టేదాకా ఆగి రెండో డైలాగ్ అందుకుంటారు, అది మీకు అలవాటైపోయి ఉంటుంది. సెట్‌లో ఎవరూ నవ్వరు. కెమెరామన్ ఫోకస్ చూసుకుంటుంటాడు, లైట్‌బాయ్‌కి ఆకలేస్తుంటుంది, పక్కనుంచి అసిస్టెంట్ డైరెక్టర్ మీ డైలాగ్‌ని గడగడా ప్రాంప్టింగ్ చెబుతుంటాడు, అతను చెప్పిన స్పీడులోనే మీరూ చెప్పేస్తే పని అయిపోయింది. డైలాగ్ ముందురోజే తెప్పించుకోగలిగితే తెప్పించుకోండి, లేదంటే మేకప్ వేసేటప్పుడైనా. అతను చెప్పింది చెవిన వేసుకుని, మీ లెక్కలో ఒక క్షణం ఆగి అప్పుడు అనండి. నవ్వు కోసం ఆగకండి, ఎదుటి పాత్ర మొహం చూడ్డం కోసం ఆగండి. ఇంకో మాట, చివరి వరుసకి కనపడాలని నాటకంలో కళ్లూ కనుబొమలూ పెద్దగా తిప్పుతారు కదా, క్లోజప్‌లో అంత అక్కర్లేదు, సగం చాలు.

డబ్బు రోజు లెక్కన ఇస్తారు. నెలకి ఎన్ని రోజులు పిలుస్తారో, ఉండటానికీ రానూపోనూ ఖర్చులకీ ఎవరు పెట్టుకుంటారో అడగడానికి సిగ్గుపడకండి. ఊళ్లో నాటక సమాజాన్ని వదిలెయ్యకండి, సీరియల్‌లో పనిమనిషిని ఏ వారమైనా ఊరికి పంపించేస్తారు.

ప్ర: శ్రీలక్ష్మి తర్వాత మనకు లేడీ కమెడియన్లే లేరా? టీవీ పెడితే మగవాళ్లే చీరలు కట్టుకుని కనిపిస్తున్నారు.
– ఒక పాఠకుడు, ఒంగోలు

జ: ఉన్నారు, రాసేవాళ్లు లేరు. ‘శ్రీవారికి ప్రేమలేఖ’ (1984)లో సినిమా చూసొచ్చి టైటిల్స్ దగ్గర్నుంచీ కథ మొదలుపెట్టి చంపేసే ఇల్లాలు, ‘చంటబ్బాయి’ (1986)లో కవితలతో ఎడిటర్‌ని వెంటాడే రచయిత్రి, ఇవన్నీ జంధ్యాల ఆడమనిషి పిచ్చిని ప్రేమగా చూసి శ్రీలక్ష్మికి రాసిన వేషాలు. ఆ వేషాలకు హీరోతో సంబంధం లేదు, లావు సన్నం అనే జోకులు లేవు. అంతకుముందు రేలంగి పక్కన గిరిజ, రాజబాబు పక్కన రమాప్రభ జంటగా నిలబడ్డారు, ఇద్దరూ పోటాపోటీగా చేసినవాళ్లే, అయినా పోస్టర్ మీద ఆ మగవాళ్ల పేరే ముందు. గిరిజ తల్లి దాసరి రామతిలకం నాటకాల్లోనూ తొలినాటి టాకీల్లోనూ పేరున్న నటి, రమాప్రభ తమిళ నాటకాల్లో నలిగి వచ్చింది. ఆ టైమింగ్ ఊరికే రాలేదు.

చీరల సంగతికొస్తే, ఒకప్పుడు స్టేజీ మీద స్థానం నరసింహారావు సత్యభామ వేస్తే జనం విరగబడి చూశారు, అప్పట్లో ఆడవాళ్లు స్టేజీ ఎక్కడమే తక్కువ. సురభి నాటక కుటుంబంవాళ్లు ఇంటి ఆడవాళ్లకే ఆడవేషాలు ఇచ్చారు, ఆ కుటుంబం నుంచి వచ్చిన కమలాబాయే మన మొదటి టాకీ ‘భక్త ప్రహ్లాద’ (1932)లో నటించింది. అంత దూరం వచ్చి 2013లో ‘జబర్దస్త్’ మొదలయ్యాక మళ్లీ లేడీ గెటప్పులు. ఆ కుర్రాళ్లలో బాగా చేసేవాళ్లున్నారు, వాళ్ల మీద నాకు కోపం లేదు. కానీ అదే షోలో రోహిణి ఏం చేసిందో చూడండి, సీరియల్ నుంచి వచ్చింది, తనే స్కిట్ టీమ్ నడిపింది, ‘సేవ్ ది టైగర్స్’ వెబ్ సిరీస్‌లో పనిమనిషిగా ఇరగదీసింది. చెన్నై స్టేజీ నుంచి వచ్చిన విద్యుల్లేఖ ఉంది. వీళ్లకి పది నిమిషాల వేషం కాకుండా ఒక సినిమా మొత్తం ఇచ్చే నిర్మాత కావాలి.

ప్ర: మా ప్రకాశం జిల్లా భానుమతిని హాస్యనటి అనొచ్చా? అనొచ్చని స్నేహితులతో పందెం వేశాను.
– ఒక పాఠకురాలు, కందుకూరు

జ: పందెం ఓడినట్టే. దొడ్డవరంలో పుట్టిన ఆ మహాతల్లి నటి, గాయని, దర్శకురాలు, స్టూడియో యజమాని, ‘హాస్యనటి’ అనే చిన్న పెట్టెలో పట్టదు. అయితే ‘అత్తగారి కథలు’ చదివించండి, నవ్వించడం రాదని ఎవరైనా అంటే నాకు చెప్పండి. పందెం డబ్బులో సగమైనా వెనక్కి వస్తుంది.

ప్ర: మా ఆవిడ నాటకాల్లో గయ్యాళి అత్త వేషాలు వేస్తుంది. ఊళ్లో అందరూ ఇంట్లోనూ అంతేనా అని నన్ను జాలిగా చూస్తున్నారు. ఏం చెప్పను?
– ఒక పాఠకుడు, గూడూరు

జ: సూర్యకాంతం దెబ్బకి ఆడపిల్లలకి ఆ పేరు పెట్టడమే మానేశారని చెప్పుకుంటారు, ఆవిడేమో ఇంట్లో వండించుకొచ్చి షూటింగ్‌లో అందరికీ తినిపించేది. జాలిపడేవాళ్లని ఒకరోజు భోజనానికి పిలవండి. ఆవిడ రిహార్సల్ లేని రోజు చూసుకుని పిలవండి మరి.