పాటల ముచ్చట్లు: ఎ సైడు వాడిది, బి సైడు నాది

ప్రశ్న: మాస్టారూ, నేనూ విజయవాడలో ఉండే మా స్నేహితుడూ ఎవరి పాటలు వాళ్లం రాసుకుని, బాణీ కట్టుకుని పాడుకుంటాం. ఇప్పుడు కలిసి ఎనిమిది పాటల ఆల్బమ్ చేస్తున్నాం. గొడవ రాకుండా చెరి నాలుగు పంచుకున్నాం. నా శ్రుతి ఐదున్నర, అతనిది ఒకటిన్నర. కలిసి పాడబోతే ఎవరో ఒకరు అరవాల్సి వస్తోంది. ఏం చేయమంటారు?
– పేరు వద్దన్న పాఠకురాలు, బ్రాడీపేట, గుంటూరు

జవాబు: చెరి నాలుగు అన్నారే, అక్కడే నా గుండె జారిందమ్మా. 1994లో నేనూ నా స్నేహితుడూ చేసిన ఘనకార్యం అదే. ఎ సైడు వాడిది, బి సైడు నాది. రెండు వందల క్యాసెట్లు సంచుల్లో కుక్కి బెజవాడ నుంచి గుంటూరు ప్యాసింజర్‌లో మోసుకొచ్చాం. మా బావమరిది ఎ సైడు అయిపోగానే వెనక్కి తిప్పి మళ్లీ ఎ సైడే పెట్టేవాడు. ఒకరోజు అన్నం కలుపుకుంటూ, "ఆ రెండో వైపు ఏముంది బావా?" అన్నాడు. పంపకాలు ఆస్తికి బాగుంటాయి గానీ పాటలకు కుదరవు.

మీ పాట ఆయన చేత పాడించండి, ఆయనది మీరు పాడండి. 2017లో ఆస్ట్రేలియా గాయని కోర్ట్నీ బార్నెట్, అమెరికా గాయకుడు కర్ట్ వైల్ కలిసి 'లాటా సీ లైస్' అని తొమ్మిది పాటల ఆల్బమ్ తెచ్చారు. మా అబ్బాయి వినిపించాడు. ఇద్దరూ సొంతంగా రాసుకుని పాడుకునేవాళ్లే. అందులో ఆమె పాత పాట అతను పాడాడు, అతని పాత పాట ఆమె పాడింది. ఒక పాట వీడియోలోనైతే ఆమె గొంతుకు అతను పెదవులు కదుపుతాడు, అతని గొంతుకు ఆమె. మనకిదేం వింత కాదు. తిరుపతి వేంకట కవుల జంటలో 1920లో తిరుపతిశాస్త్రి గారు పోయాక కూడా చెళ్లపిళ్ల వారు జంట పేరుతోనే పుస్తకాలు వేశారు.

ఇక శ్రుతి. హార్మోనియం మెట్ల లెక్కలో మూడులో పెట్టి చూడండి. ఆయన మూడు స్వరస్థానాలు ఎక్కాలి, మీరు నాలుగు దిగాలి (మూడున్నర అనేది లేదుగా). గిటారైతే కేపో, అంటే తీగలను నొక్కిపట్టే క్లిప్పు, నాలుగో మెట్టు మీద బిగించి సి శ్రుతిలో పట్టే కార్డ్ షేపులే పట్టుకోండి, సరిపోతుంది. తారస్థాయి (పై స్థాయి) పంచమం దాకా పోయే చరణం ఆయనకివ్వకండి, పీక పట్టేస్తుంది. అది మీకు హాయి. మంద్రంలో, అంటే కింది స్థాయిలో, తిరిగే పల్లవి ఆయనది. మీరు కిందికి దిగినప్పుడు గొంతు మొదట్లో ఉత్త గాలిలా వస్తుంది. కంగారుపడి గట్టిగా తీయకండి, మైకుకు బెత్తెడు దగ్గరికి జరిగి పిల్లను జోకొడుతున్నట్టు పాడండి.

కాగితం మాత్రం పాట పూర్తయిన రాత్రే రాసుకోండి. 1957 నాటి మన కాపీరైట్ చట్టం లెక్కలో సాహిత్యం వేరు, బాణీ వేరు. ఎవరి భాగం ఏదో విడదీయలేనట్టు కలిపి చేస్తేనే అది ఉమ్మడి రచన. ఆ హక్కు ఇద్దరిలో ఆఖరున పోయినవారి తర్వాత 60 ఏళ్లు ఉంటుంది. రికార్డింగు మళ్లీ మూడో సంగతి, అది దగ్గరుండి చేయించిన నిర్మాతది. స్టూడియో డబ్బు మీ నాన్నగారు ఇస్తున్నారా, మీ స్నేహితుడు ఇస్తున్నారా, ముందే తేల్చుకోండి. మేం తేల్చుకోలేదు. అట్ట మీద ఎవరి పేరు ముందన్న దగ్గర మొదలై, మిగిలిన క్యాసెట్లు ఎవరింట్లో ఉండాలన్న దాకా వెళ్లింది. అవి మా అటక మీదే ఉన్నాయి, టేపులు బూజు పట్టాయి.

ప్రశ్న: సినిమా పాట కాకపోతే ఎవరు వింటారండీ?
– ఒక పాఠకుడు, మొగల్రాజపురం, విజయవాడ

జవాబు: మీ ఊళ్లో ఆకాశవాణి 1948 నుంచీ ఉంది. బాలాంత్రపు రజనీకాంతరావు గారు అక్కడ పనిచేసినవారే. తనే రాసి, తనే బాణీ కట్టి, తనే పాడిన మనిషి. లలితగీతాల కోసం రేడియో చుట్టూ చేరిన ఇళ్లు నాకు తెలుసు. ఇప్పుడు ఎంతమంది వింటారంటారా, అది మా బావమరిదిని అడగాలి.