డాక్యుమెంటరీ సందేహాలు: ముఖం బ్లర్ చేస్తే సరిపోతుందా?

ప్రశ్న: ఫ్యాక్టరీ వ్యర్థాలు నదిలో కలవడంపై డాక్యుమెంటరీ తీస్తున్నాం. అక్కడ పనిచేసే ఒకాయన మాట్లాడతానన్నారు, కానీ తానెవరో తెలియకూడదంటున్నారు. ముఖం బ్లర్ చేసి, గొంతు మారిస్తే చాలా?

జవాబు: చాలదు. బ్లర్ వేసేది ఎడిటింగ్‌లో. ముఖం ఉన్న అసలు ఫుటేజీ కార్డులో అలాగే ఉంటుంది. ఆ కార్డు పోయినా, ఎవరైనా లాక్కున్నా ఆయన దొరికిపోతారు. ముఖం అసలు రికార్డే కాకుండా చూడండి. వెనక నుంచి గానీ, చేతులే ఫ్రేములో పెట్టి గానీ తీయొచ్చు. ఉంగరం, పచ్చబొట్టు, యూనిఫాం మాత్రం కనబడకూడదు. కిటికీ ముందు కూర్చోబెట్టి నీడలా తీస్తే, ఆ క్లిప్‌ను ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో వేసి షాడోస్ (నీడ భాగాల వెలుతురు) పూర్తిగా పెంచి చూడండి. లాగ్‌లో (నీడల్లోని వివరాలనూ దాచుకునే రికార్డింగ్ పద్ధతి) తీసినప్పుడు నల్లగా కనిపించిన ముఖం కళ్లూ ముక్కుతో సహా బయటపడొచ్చు. ఎదుటి తెల్లగోడ నుంచి ముఖం మీద పడే వెలుతురే దానికి కారణం. ఆ గోడకు నల్లగుడ్డ కట్టి మళ్లీ తీయండి.

గొంతు పిచ్ (హెచ్చుతగ్గు స్థాయి) మార్చడాన్ని నమ్మకండి. అంతే మేర వెనక్కి తిప్పితే దాదాపు అసలు గొంతే వస్తుంది. ఆయన మాటలను వేరొకరితో చదివించి, ఆ సంగతి తెర మీద వేయండి. చాలామంది మరిచిపోయేది మాటల్లోని ఆనవాళ్లు. ‘ఆ రాత్రి వాల్వ్ తిప్పింది మా షిఫ్టే’ అన్నారనుకోండి. షిఫ్టులో ఉన్నది ముగ్గురే అయితే యాజమాన్యానికి ముఖంతో పనేముంది? రఫ్ కట్‌ను (తొలి ఎడిటింగ్ ప్రతిని) అందరికన్నా ముందు ఆయనకే చూపించి, తనను పట్టిచ్చే మాటలేవో అడిగి తీసేయండి. ఫోన్‌తో తీస్తుంటే లొకేషన్ ఆపేయండి. ఫైళ్లకు ఆయన పేరు పెట్టకండి.

ప్రశ్న: కంటికి ఎర్రగా కనిపించే నీళ్లు వీడియోలో మామూలుగా వస్తున్నాయి. ఎందుకు?

జవాబు: ఆటో వైట్ బ్యాలెన్స్ వల్ల, అంటే రంగులను కెమెరా తానే సరిచేసుకునే సెట్టింగ్ వల్ల. ఫ్రేమ్ నిండా ఒకే రంగు ఉంటే కెమెరా దాన్ని దోషమనుకుని సరిదిద్దేస్తుంది. ఎండలో వైట్ బ్యాలెన్స్‌ను 5600 కెల్విన్ (ఎండ వెలుతురుకు సరిపడే అంకె) దగ్గర లాక్ చేయండి. నీటిపై పడే ఆకాశపు మెరుపు కూడా రంగును కప్పేస్తుంది. సర్క్యులర్ పోలరైజర్ (లెన్స్ ముందు బిగించే, మెరుపును తగ్గించే ఫిల్టర్) తిప్పుతూ మెరుపు తగ్గిన చోట ఆపండి. ఒకటి రెండు స్టాపుల వెలుతురు (ఒక్కో స్టాపుకు సగం) పోతుంది, ఎక్స్‌పోజర్ చూసుకోండి. గ్రేడింగ్‌లో (ఎడిటింగ్‌లో రంగులు సరిదిద్దేటప్పుడు) ఎరుపు పెంచే పని మాత్రం చేయొద్దు. పైపుకు ఎగువన, దిగువన ఒకే సెట్టింగులతో, గ్రే కార్డు (రంగు సరిపోల్చుకునే బూడిదరంగు అట్ట) పెట్టి తీయండి. రంగు మీరే పులిమారని ఎవరైనా అంటే చూపించడానికి ఎగువ షాట్ ఉంటుంది.

ప్రశ్న: నది ఒడ్డున గాలి హోరు మాటలను మింగేస్తోంది.

జవాబు: స్పాంజి తొడుగు చాలదు, బొచ్చు తొడుగు వేయండి. 80 హెర్ట్జ్ దగ్గర లో కట్ (అంతకన్నా లోతైన శబ్దాలను తగ్గించే ఫిల్టర్) పెట్టి, రికార్డర్ మీటరులో పీక్స్ (శబ్దం గరిష్ఠంగా చేరే చోట్లు) మైనస్ 12 డెసిబెల్స్ దాటకుండా చూసుకోండి. గాలి దెబ్బకు మైకే క్లిప్ అయితే (తట్టుకోలేక శబ్దం పగిలిపోతే) తర్వాత ఏ ఫిల్టరూ బాగుచేయలేదు. వచ్చేముందు అక్కడి చప్పుడు ఒక నిమిషం విడిగా రికార్డు చేసుకోండి. మాటల మధ్య కోతలు పూడ్చడానికి కావాలి.