పాఠకుల ప్రశ్నలు: దేవుడి గోచీలో బంగారం

ప్రశ్న: ‘తుంబాడ్’ను అందరూ భయానక చిత్రమనే అంటారు. నాకు మాత్రం కొన్నిచోట్ల గట్టిగా నవ్వు వచ్చింది. కష్టపడకుండా వచ్చే డబ్బు మీద తీసిన ఆ కథలో నిజంగా హాస్యం ఉందంటారా?
– ఒక పాఠకురాలు, ఖమ్మం

జవాబు: ఉందమ్మా, మీరు నవ్విన చోట్లు సరైనవే. రాహీ అనిల్ బర్వే దర్శకత్వంలో 2018లో వచ్చిన ఈ హిందీ చిత్రంలో భయం ఎంత గాఢంగా ఉన్నా, కథకు మూలం మాత్రం జేబుదొంగతనం లాంటి పనే. లోకానికి సిరిసంపదలిచ్చే దేవత తొలి సంతానమైన హస్తర్ ఆమె బంగారమంతా కాజేసి, ధాన్యం మీద కూడా చెయ్యి వేయబోయేసరికి తక్కిన దేవతలు విరుచుకుపడతారు. తల్లి అడ్డుపడి ప్రాణం కాపాడింది గానీ, ఆకలి మాత్రం అతనికి యుగాల తరబడి తీరనే లేదు. కథానాయకుడు వినాయకరావు తుంబాడ్ అనే ఊళ్లోని పాత భవంతి బావిలో తాడు పట్టుకుని, హస్తర్ ఉండే ఆ దేవత గర్భంలోకి దిగి, తన చుట్టూ పిండితో గిరి గీసుకుని, పిండిబొమ్మను ఎరగా చూపించి, హస్తర్ ఆవురావురుమంటూ దాని మీద పడ్డ ఆ కాస్త వ్యవధిలోనే అతని గోచీని గుంజి, రాలిన నాణేలను ఏరుకుంటాడు. అంతటి బంగారపు నిధి ముందు నిలబడి కూడా అతనికి దక్కేది గుప్పెడు నాణేలే. అవి పుణేలో ఖర్చయిపోగానే మళ్ళీ తుంబాడ్‌కు రావలసిందే, మళ్ళీ బావిలో దిగవలసిందే. కష్టం లేని డబ్బు కోసం ఇంత ఒళ్ళు హూనం చేసుకునే మనిషిని చూస్తే నవ్వు రాక మానదు.

ఆ నవ్వు నాకు గొంతులోనే ఆగిపోయింది మాత్రం కొడుకు పాండురంగ్ దగ్గర. సాధన కోసమే వెళుతున్నాం, బొమ్మ తేవద్దని తండ్రి ఎంత చెప్పినా వినకుండా, ఆ పిల్లవాడు బొమ్మను వెంట తెచ్చి ఇద్దరి ప్రాణాల మీదికి తెస్తాడు. దేశానికి స్వాతంత్ర్యం వచ్చాక ఆ భవంతి ప్రభుత్వపరం కాబోతోందని తెలిసినప్పుడు, గోచీనే ఎత్తుకొచ్చేద్దామన్న ఆలోచన కూడా వాడిదే. అందుకోసం ఒక్క బొమ్మకు బదులు ఎన్నో బొమ్మలు తీసుకెళతారు, బొమ్మకొక హస్తర్ చొప్పున దిగివస్తాడు. దురాశ మీద ఇంతకంటే చేదైన హాస్యం ఈమధ్య మన తెరల మీద నేను చూడలేదు.

ప్రశ్న: 2024లో మళ్ళీ విడుదల చేస్తే అంత ఆదరణ ఎలా వచ్చింది?
– ఒక పాఠకుడు, విజయనగరం

జవాబు: సెప్టెంబరు 13న మళ్ళీ విడుదలైనప్పుడు ఈ చిత్రం తొలిసారి వసూళ్లను మించిపోయింది. ఎడతెగని వానను, దీపం వెలుగులో ఎర్రగా మెరిసే ఆ గర్భాన్ని ఛాయాగ్రాహకుడు పంకజ్ కుమార్ చిత్రించిన తీరు పెద్ద తెర మీద చూసి తీరవలసిందని, ఇంట్లో చిన్న తెర మీద చూసినవాళ్లే నోటినోటా చెప్పుకోవడం అందుకు ముఖ్య కారణమని నా అభిప్రాయం.