తూమ్‌కి పిలిచారంటే వెళ్లి తీరాలి

మీరు అడిగింది ఇదీ: మీతో పనిచేసే గోండు మిత్రుడి తండ్రి వానాకాలంలో పోయారు, ఖననం అప్పుడే అయిపోయింది. ఇన్ని నెలలయ్యాక ఇప్పుడు పుష్యంలో "నాన్నకు తూమ్ చేస్తున్నాం, మా ఊరికి రండి" అని పిలిచాడు. ఇది మన సంవత్సరీకం లాంటిదేనా, వాళ్లకూ స్వర్గం నరకం ఉంటాయా, బయటివాళ్లు వెళ్లొచ్చా?

వెళ్లండి. ఖననానికి వెళ్లలేకపోయారేమో, దీనికి మాత్రం వెళ్లండి. నేను ఉట్నూరు వైపు ఆశ్రమ పాఠశాలలో చాలా ఏళ్లు పాఠాలు చెప్పాను. నా పిల్లల్లో ఎక్కువమంది గోండులు, కొలాములు, ప్రధానులు. వాళ్ల ఇళ్లలో చావులకూ వెళ్లాను, తూమ్‌లకూ వెళ్లాను. నేను చూసిందాన్ని బట్టి, పోయిన మనిషికి అసలు సాగనంపు జరిగేది తూమ్‌లోనే.

గోండు పెద్దలు చెప్పేదాంట్లో నాకు అర్థమైనంత చెబుతాను. మనిషిలో రెండుంటాయి. ఒకటి జీవ్, అంటే ప్రాణం. దాన్ని పంపేది భగవంతాల్. ఆయన వెనక్కి పిలిచినప్పుడు మనిషి పోతాడు, ఆ జీవ్ మరో కడుపున పడే బిడ్డకు చేరుతుంది. రెండోది సనాల్. పోయినాయన పేరు, బంధుత్వం, ఇష్టాయిష్టాలు, ఇంటి మీద మమకారం, అన్నీ అందులోనే ఉంటాయి. అది తనంతట తాను ఎక్కడికీ పోలేదు. దాన్ని వంశానికి పెద్ద దేవుడైన పెర్సా పేన్ దగ్గరికి, అంతకుముందు పోయిన పెద్దల మధ్యకు చేర్చాల్సింది బతికున్నవాళ్లే. అలా చేర్చే కర్మే తూమ్. చేర్చేదాకా ఆయన అటూ కాక ఇటూ కాక ఉన్నట్టే లెక్క. 1940ల్లో మార్లవాయి అనే గోండు ఊళ్లో ఉండి వాళ్ల జీవితాన్ని రాసిన మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ కూడా ఈ రెంటి గురించీ వివరంగా రాశాడు.

అందుకే స్వర్గం నరకం అన్న మీ ప్రశ్న ఇక్కడ సరిగ్గా అతకదు. పోయినాయన ఎంత పుణ్యం చేశాడు, ఎంత పాపం చేశాడు అన్న లెక్క మీద ఆయన గతి ఆధారపడదు. ఆయనవాళ్లు ఆయనకు చెయ్యాల్సింది చేశారా లేదా అన్నదే లెక్క. నాకు ఇందులో చాలా పెద్ద న్యాయం కనిపిస్తుంది. తాగుబోతైనా, ఊరందరితో తగవులు పెట్టుకున్నవాడైనా, పెద్దల్లో అతనికీ ఒక చోటు ఉంటుంది.

మరి ఇన్ని నెలల ఆలస్యం ఎందుకంటే, ఊరంతటికీ భోజనం పెట్టాలి. వియ్యంకులు, దూరపు గూడేల బంధువులు రావాలి. జొన్న ఇంటికి చేరాలి, పత్తి అమ్ముడుపోవాలి. చేతిలో ఏమీ లేని ఇల్లయితే ఇంకా ఆగుతుంది. పైగా పుష్యం గోండులకు దేవుళ్ల నెల. ఆదిలాబాద్ జిల్లా కేస్లాపూర్ నాగోబా జాతర సంగతి మీరు వినే ఉంటారు. మెస్రం వంశంవాళ్లు జన్నారం మండలం హస్తినమడుగు దాకా కాలినడకన వెళ్లి గోదావరి నీళ్లు తెస్తారు. కేస్లాపూర్ చేరాక మర్రిచెట్ల కింద మకాం వేసి, తమలో చనిపోయినవాళ్ల పేరున అక్కడే తూమ్ చేస్తారు. పుష్య అమావాస్య రాత్రి నాగోబాకు మహాపూజ ఆ తర్వాతే. టీవీల్లో పూజ, అధికారులు జనం మొరలు వినే దర్బారు చూపిస్తారు. మర్రిచెట్ల కింద జరిగేదాన్ని ఎవరూ అంతగా పట్టించుకోరు. నా మటుకు నాకు జాతరలో గుండెకాయ అదే.

మా బడిలో దీని మీద ఒక చిక్కు ఎప్పుడూ వచ్చేది. పిల్లవాడు ఆగస్టులో "మా తాత చనిపోయాడు" అని సెలవు చీటీ ఇస్తాడు. మళ్లీ జనవరిలో "మా తాత కర్మ" అని ఇంకో చీటీ. మైదానం నుంచి కొత్తగా వచ్చిన టీచర్లు పిల్లవాడు అబద్ధం చెబుతున్నాడనుకునేవాళ్లు. ఒకసారి ఒక తొమ్మిదో తరగతి పిల్లవాణ్ని స్టాఫ్‌రూములో నిలబెట్టి గట్టిగానే అడిగారు. వాడు బెదరలేదు. "అప్పుడు పూడ్చినం సార్. ఇప్పుడు దేవుళ్లల్ల కలుపుతున్నం" అన్నాడు. ఆ తర్వాత మా బడిలో తూమ్ సెలవు గురించి ఎవరూ అడగలేదు.

తూమ్‌లో మీరు తప్పక గమనించాల్సిన మనిషి ప్రధాన్. గోండులకు తరతరాలుగా కథలు చెప్పేది వీళ్లే. చేతిలో కీక్రి ఉంటుంది, కమానుతో వాయించే తీగల వాద్యం. పోయినాయన ఏ సగకు, అంటే అన్నదమ్ములుగా లెక్కపెట్టుకునే ఏ వంశాల గుంపుకు చెందినవాడో, ఆ సగ దేవుళ్లు ఎక్కడ పుట్టి ఎలా వచ్చారో పాడతాడు. గోండుల్లో నాలుగు, ఐదు, ఆరు, ఏడు అన్నదమ్ముల సగలున్నాయి. పోయినాయన్ను ఆ వరుసలోకి చేర్చేది ఈ పాటే. ఏడుపు లేకుండా ఉండదు, కానీ మీరు ఊహించే ఏడుపులా ఉండదు. పాట, డోలు, వంట, చుట్టాల పలకరింపులు అన్నీ కలిసే నడుస్తాయి.

ఆదివాసీలందరిదీ ఒకటే ఆచారం అనుకోకండి, అందుకే ఇంకో చోటి సంగతీ చెబుతాను. మా బావ సీతంపేట ఏజెన్సీలో ఉద్యోగం చేసేటప్పుడు సవర గూడేలకు ఆయనతో తిరిగాను. సవరలు దహనం చేస్తారు. తర్వాత పోయినవాళ్ల పేరున రాయి నాటి, దున్నను బలిస్తారు. నన్ను కదిలించింది అది కాదు. వాళ్ల సంప్రదాయంలో పోయినవాళ్లతో మాట్లాడతారు. ఒక మనిషిని, చాలాసార్లు ఆడమనిషినే, ఆవహించి పోయినవాళ్లు వస్తారు. ఇంటివాళ్లు చుట్టూ కూర్చుని నిలదీస్తారు, బతిమాలతారు, పొలం పంపకాల దగ్గర జరిగిన మాటలు తవ్వుకుంటారు. ఎందుకు పోయావని అడుగుతారు. మొదట్లో పోయినవాళ్లు కోపంగా ఉంటారు, తమను చంపిన జబ్బే ఇంట్లోవాళ్లకు తగిలించేంత కోపం. ఏళ్ల తరబడి మాట్లాడగా మాట్లాడగా మెత్తబడతారు. తర్వాత ఇంట్లో పుట్టిన బిడ్డకు ఆ పేరు వస్తుంది. చివరికి ఆ లోకంలో కూడా చనిపోయి సీతాకోకచిలుకలవుతారట. ఇప్పుడు సవరల్లో చాలామంది క్రైస్తవులయ్యారు, పోయినవాళ్లతో ఇలా మాట్లాడటం బాగా తగ్గిపోయింది. అది వాళ్ల ఇష్టం, నేను తప్పుపట్టను. కానీ దుఃఖాన్ని ఇంత ఓపికగా, నోరు విప్పి, ఊరందరి ముందు నడిపించిన పద్ధతి మా ఇళ్లలో లేదు. మా అమ్మ పోయినప్పుడు పదమూడో రోజుకల్లా అందరూ ఎవరి ఊళ్లకు వాళ్లు వెళ్లిపోయారు.

కోయల దగ్గర ఇంకో దారి. మేడారంలో సమ్మక్క పోరులో గాయపడి చిలకలగుట్టలోకి వెళ్లి మాయమైంది, అక్కడ కుంకుమ భరిణె దొరికింది అంటారు. రెండేళ్లకోసారి మాఘ పౌర్ణమికి కోయ పూజారులు ఆమెను గుట్ట మీది నుంచి గద్దె మీదికి తెస్తారు, చివరి రోజు మళ్లీ అడవికి పంపుతారు. నేల కోసం పోరాడి పోయినవాళ్లు చుట్టపుచూపుగా వచ్చి వెళ్లడమన్నమాట. జోడేఘాట్‌లో గోండు వీరుడు కొమురం భీం వర్ధంతి కూడా ఇంగ్లీషు తేదీకి కాదు, ఆశ్వయుజ పౌర్ణమికే జరుగుతుంది.

పోయినవాళ్లు ఆ నేలలోనే ఉంటారు కాబట్టి దాని మీద ఆదివాసీలకున్న పట్టు కూడా వాళ్ల వల్లే. ఇది నమ్మకం మాత్రమే అనుకోకండి, చట్టంలోకీ ఎక్కింది. 2006 అటవీ హక్కుల చట్టం కింద 2008లో వచ్చిన నిబంధనల్లో, పదమూడో నిబంధన ప్రకారం బావులు, శ్మశానాలు, పవిత్ర స్థలాలను పాత నివాసానికి సాక్ష్యంగా చూపొచ్చు. దరఖాస్తుదారు కాని పెద్దల వాంగ్మూలం కూడా చెల్లుతుంది. మా పాత విద్యార్థులకు పట్టాల దరఖాస్తులు రాసిపెట్టేటప్పుడు తాతల సమాధుల సంగతి రాయమని పట్టుబట్టి మరీ రాయించాను. పోలవరం ముంపు గూడేల కోయలు, కొండరెడ్లు పునరావాస కాలనీలకు వెళ్తున్నప్పుడు నన్ను ఎక్కువగా బాధపెట్టింది కూడా ఇదే. ఇల్లు ఇంకోచోట కట్టొచ్చు. పెద్దల్ని కూర్చోబెట్టిన చోటును కట్టివ్వలేరు.

బయటివాళ్లు వెళ్లొచ్చా అన్నారు. హైమెన్‌డార్ఫ్ భార్య బెట్టీ 1987లో హైదరాబాద్‌లో చనిపోతే ఆమె సమాధి మార్లవాయిలోనే కట్టారు. ఆయన పోయాక ఆయన అస్థికలూ అక్కడికే చేరాయి. ఏటా జనవరి 11న ఊరు ఆమెను తలుచుకుంటుంది. ఎక్కడో యూరప్ నుంచి వచ్చినవాళ్లకే చోటిచ్చిన మనుషులు, మీరు రావడాన్ని ఎందుకు వద్దంటారు?

కొన్ని జాగ్రత్తలు మాత్రం చెబుతాను. ఊళ్లోకి వెళ్లగానే పెద్దలకు "రాం రాం" చెప్పండి. ఏం తేవాలో మీ మిత్రుణ్నే అడగండి. నేనైతే బియ్యమో నూనో పట్టుకెళ్లేవాణ్ని, ఎందుకంటే ఊరందరికీ వండాలి. అక్కడ వాళ్లు మేకను బలి ఇచ్చే అవకాశం ఉంది. మీరు మాంసం తిననివారైతే ముందే చెప్పండి, విడిగా వండి పెడతారు. అక్కడ మాత్రం ముఖం చిట్లించకండి. పేన్ వస్తువుల, అంటే దేవుడి వస్తువుల దగ్గరికి పూజారి అయిన కటోడా పిలవకుండా వెళ్లొద్దు, అడగకుండా ఫోన్ బయటికి తియ్యొద్దు. ప్రధాన్‌కు మీకు తోచినంత ఇవ్వండి, ఆ కుటుంబాల్లో కీక్రి పట్టే పిల్లలు తగ్గిపోతున్నారు. లోపలి గూడేల నుంచి పొద్దుపోయాక బండి దొరకడం కష్టం. అయినా మీరు అదే రోజు తిరిగి రావాలని అనుకోకండి. పాట రాత్రే ఉంటుంది, మర్నాటికి కూడా సెలవు పెట్టుకుని వెళ్లండి.