స్టేట్‌మెంటులో తెలియని హోటలు పేరు, నా 3,486 రూపాయలు

‘నా క్రెడిట్ కార్డు స్టేట్‌మెంటులో నేనెన్నడూ వినని ఒక రెస్టారెంటు పేరు మీద డబ్బు తీసినట్లు ఉంది. అది ఏమిటో ఎలా తెలుసుకోవాలి? బ్యాంకుకు ఏమని ఫిర్యాదు చేయాలి?’ అని అడిగారు.

ఫిర్యాదు చేయడానికి ముందు దానికి ఏ పేరు పెట్టాలో తేల్చుకోవడం అన్నిటికంటే ముఖ్యమని నా అభిప్రాయం. ‘ఈ ఖర్చు నేను చేయలేదు’ అనడం వేరు, ‘నేను ఒకసారి ఖర్చు చేస్తే రెండుసార్లు తీశారు’ అనడం వేరు. వినేవారికి రెండూ ఒకటే అనిపించవచ్చు గాని, బ్యాంకులో మొదటిది మోసం కింద, రెండోది లావాదేవీ తగాదా కింద నమోదవుతాయి. వాటిని వేర్వేరు మనుషులు వేర్వేరు కాగితాలు అడిగి పరిశీలిస్తారు. ఈ తేడా తెలియక నేను రెండు నెలలకు పైగా తిరిగాను. తిరిగినవాడు ముప్పై ఏళ్లు ఆడిట్ శాఖలో ఇతరుల బిల్లుల మీద అభ్యంతరాలు రాసి పదవీ విరమణ చేసినవాడు కావడం మా ఇంట్లో ఇప్పటికీ నవ్వులాటగానే ఉంది.

మా మేనల్లుడికి ఉద్యోగం వచ్చిన సందర్భంగా ఒక శనివారం రాత్రి ఏడుగురం హిమాయత్‌నగర్‌లోని ఒక హోటలుకు వెళ్లాము. పేరు రాయను, ఎందుకంటే వారి బిర్యానీ మీద నాకు ఫిర్యాదు లేదు. బిల్లు 3,320 రూపాయలు, దాని మీద ఐదు శాతం జీఎస్టీ 166 రూపాయలు, మొత్తం 3,486. వెయిటరు మెషీన్ తెచ్చాడు, నేను కార్డు పెట్టి పిన్ నొక్కాను. తెర మీద చిన్న చక్రం తిరుగుతూ ఉండిపోయింది. అతను మెషీన్‌ను చేత్తో పైకెత్తి కిటికీ దగ్గరికి వెళ్లి, తిరిగి వచ్చి, ‘నెట్‌వర్క్ లేదు సార్, ఇంకో మెషీన్ తెస్తాను’ అన్నాడు. కింది అంతస్తులోని క్యాష్ కౌంటరు నుంచి రెండో మెషీన్ వచ్చింది, మళ్లీ పిన్ నొక్కాను, స్లిప్పు బయటికి వచ్చింది. అప్పటికి పదకొండు దాటింది, పిల్లలు నిద్రకు వచ్చేశారు. ఫోనులో రెండు సందేశాలు ఉండడం దారిలో చూశాను గాని, రెండింటిలోనూ 3,486 అనే ఉండేసరికి బ్యాంకు ఒకే సందేశాన్ని రెండుసార్లు పంపిందనుకుని ఫోను జేబులో పెట్టుకున్నాను.

స్టేట్‌మెంటు వచ్చింది పంతొమ్మిదో రోజున. అందులో ఆ హోటలు బోర్డు మీది పేరుతో ఒక 3,486 ఉంది. నాలుగు వరుసల కింద, ఒక దేవుడి పేరు, దాని పక్కన ఎంటర్‌ప్రైజెస్ అని, ఆ తర్వాత సికింద్రాబాద్ అని, మరో 3,486 ఉంది. నేను ఆ నెలలో సికింద్రాబాద్ వైపు వెళ్లనే లేదు. అంకెలు రెండూ ఒకటేనన్న సంగతి కంటికి కనిపించింది గాని బుర్రకు ఎక్కలేదు. తెలిసిన పేరు మీద ఉన్న మొత్తాన్ని సరైనదని టిక్కు పెట్టేసి, తెలియని పేరు మీద ఉన్నదాన్ని దొంగతనం కింద జమకట్టాను. ఆడిట్‌లో కొత్తగా చేరిన కుర్రవాడు ఇలా చేస్తే నేనే మెమో ఇచ్చి ఉండేవాణ్ని.

వెంటనే బ్యాంకుకు ఫోన్ చేసి, ఈ హోటలు పేరే నేను వినలేదని, ఎవరో నా కార్డు వాడారని గట్టిగా చెప్పాను. అవతలి అమ్మాయి మర్యాదగానే విని, నియమం ప్రకారం కార్డును అప్పటికప్పుడు బ్లాక్ చేసింది. దానితో కరెంటు బిల్లు, ఫోను బిల్లు, మందుల దుకాణం, ఆ కార్డుకు ముడిపెట్టిన సమస్తమూ ఆగిపోయాయి. కొత్త కార్డు వారం తర్వాత వచ్చింది, ఒక్కొక్కదానికీ కొత్త నంబరు ఇవ్వడానికి మరో వారం పట్టింది. మూడు వారాలకు బ్యాంకు జవాబు వచ్చింది. లావాదేవీ చిప్‌తో, సరైన పిన్‌తో జరిగింది కాబట్టి మోసంగా పరిగణించలేమని, ఫిర్యాదును ముగిస్తున్నామని అందులో ఉంది. నాకు కోపం వచ్చిన మాట నిజమే గాని, నేను అడిగిన ప్రశ్నకు వారు ఇచ్చిన జవాబు సరైనదే. పిన్ నొక్కింది నేనే కదా.

గుట్టు విప్పినది మా మేనల్లుడు. ఆ ఉత్తరం చదివి, ‘మామయ్యా, ఆ రోజు మొదటి మెషీన్‌లో స్లిప్పు రాలేదు కదా’ అన్నాడు. మా ఆవిడ కాగితమేదీ పారేయదు, ఆవిడ బిస్కట్ల డబ్బాలోంచి ఆ హోటలు బిల్లు దొరికింది. స్లిప్పు కూడా దొరికింది గాని, అది వేడికి నల్లబడే కాగితం కావడం వల్ల అప్పటికే సగం వెలిసిపోయి, బ్యాంకు అనుమతికి గుర్తుగా పడే అప్రూవల్ కోడ్ ఆరు అంకెలూ కిటికీ వెలుతురులో ఏటవాలుగా పట్టుకుంటే తప్ప కనబడలేదు. ఇలాంటి స్లిప్పులను ఇంటికి రాగానే ఫోటో తీసి పెట్టుకోవాలి. డబ్బుకు సాక్ష్యమైన కాగితాన్ని ఆరు నెలలైనా నిలవని సరుకుతో తయారు చేయడం ఎవరి తెలివో నాకు ఈనాటికీ అర్థం కాలేదు.

బిల్లు పైభాగంలో పదిహేను అక్షరాల, అంకెల జీఎస్టీ నంబరు ఉంటుంది. తెలంగాణలో నమోదైనదైతే 36తో మొదలవుతుంది. దాని దగ్గరలోనే పద్నాలుగు అంకెల ఆహార లైసెన్సు నంబరు కూడా ఉంటుంది, రెండింటినీ కలగలపకండి. ఆ జీఎస్టీ నంబరును ప్రభుత్వ జీఎస్టీ పోర్టల్‌లో పన్ను చెల్లింపుదారుల వెతుకులాట దగ్గర కొట్టి చూడండి. లాగిన్ అవసరం లేకుండానే ఆ వ్యాపారం చట్టబద్ధమైన పేరు, వాడుకలో ఉన్న పేరు, ప్రధాన వ్యాపార స్థలం కనిపిస్తాయి. నేను కొట్టగానే తెర మీద ఆ దేవుడి పేరు, ఎంటర్‌ప్రైజెస్, చిరునామా సికింద్రాబాద్ వచ్చాయి. నేను దొంగ అనుకున్నది నేను తిన్న హోటలే. ఒక మెషీన్‌ను బోర్డు మీది పేరుతో ఒక బ్యాంకు నుంచి, మరొకదాన్ని సంస్థ పేరుతో ఇంకో బ్యాంకు నుంచి తీసుకున్నారు.

మీ విషయంలోనూ మొదట ఇదే అనుమానించండి. స్టేట్‌మెంటులో పడేది బోర్డు మీది పేరే కానక్కరలేదు, మెషీన్ ఏ పేరున తీసుకున్నారో ఆ పేరు కావచ్చు. అది పొడవైతే మధ్యలోనే తెగిపోతుంది. పక్కన ఉండే ఊరు మీరు తిన్న ఊరు కాక సంస్థ కార్యాలయం ఉన్న ఊరు కావచ్చు. తేదీ కూడా ఒకటి రెండు రోజులు వెనకబడి పడవచ్చు. ఇంటికి తెప్పించుకున్న భోజనమైతే హోటలు పేరు అసలు ఉండకుండా తెచ్చిచ్చే సంస్థ పేరే ఉండవచ్చు. అందువల్ల పేరును పక్కన పెట్టి, మొత్తాన్ని పట్టుకుని ఆ వారం మీ సందేశాల్లోను, బిల్లుల్లోను వెతకండి. ఇంట్లో అదనపు కార్డు ఎవరి దగ్గరైనా ఉంటే వారినీ అడగండి. నేను చూసినంతలో ఇలాంటి కేసుల్లో చాలా భాగం దొంగతనాలు కావు, మన మతిమరుపులే.

అయితే ఈ వెతుకులాటకు రోజులు తీసుకోకండి. 2017 జూలైలో రిజర్వు బ్యాంకు ఇచ్చిన నిబంధన ప్రకారం, తప్పు మీదీ కాక, బ్యాంకుదీ కాక మధ్యలో ఇంకెక్కడో జరిగినప్పుడు, సందేశం అందిన మూడు పనిదినాల్లో తెలియజేస్తే మీ మీద పైసా భారం పడదు. నాలుగు నుంచి ఏడు పనిదినాల మధ్య చెబితే, ఐదు లక్షల లోపు పరిమితి ఉన్న క్రెడిట్ కార్డుకు పదివేల రూపాయల వరకు భారం మీ మీద పడవచ్చు. ఏడు దాటితే బ్యాంకు తన విధానం ప్రకారం నిర్ణయిస్తుంది. తెలియజేసిన పది పనిదినాల్లో ఆ మొత్తాన్ని తాత్కాలికంగా జమ చేయాలి, తొంభై రోజుల్లో సంగతి తేల్చాలి. నిజంగా దొంగతనమే అయితే కార్డు బ్లాక్ చేయించి, సైబర్ మోసాల ఫిర్యాదు నంబరు 1930కి కూడా ఫోన్ చేయండి. ఐదు వేల రూపాయల వరకు పిన్ లేకుండా ఆనించి తీసే వీలు 2021 జనవరి నుంచి ఉంది కాబట్టి, హోటల్లో కార్డును వెయిటరు చేతికిచ్చి పంపకండి, మెషీన్‌నే బల్ల దగ్గరికి తెప్పించుకోండి. నేను ఫోన్ చేసినది పంతొమ్మిదో రోజున అని మరొకసారి గుర్తు చేస్తున్నాను. నాది నిజంగా మోసమే అయి ఉంటే ఆ గడువులన్నీ ఏనాడో దాటిపోయి ఉండేవి.

తర్వాత హోటలుకు వెళ్లాను. మేనేజరు మొదట ‘మా దగ్గర ఒక్కసారే పడింది సార్’ అన్నాడు. నేను జీఎస్టీ పోర్టల్ పేజీ చూపించాక రెండు మెషీన్ల లెక్కలూ తీయించి, ఆ శనివారం రాత్రి పైఅంతస్తు మెషీన్‌లో కూడా 3,486 ఉండడం చూసి నొచ్చుకున్నాడు. ‘ఆ రాత్రే చెప్పి ఉంటే మెషీన్‌లోనే వాయిడ్, అంటే రద్దు, చేసేవాళ్లం సార్, రోజు లెక్క మూసేశాక మా చేతుల్లో ఉండదు’ అన్నాడు. ఒక్క బిల్లే ఉందని లెటర్‌హెడ్ మీద రాసి ఇచ్చాడు గాని, డబ్బు మాత్రం బ్యాంకు ద్వారానే రావాలన్నాడు. బయటికి వస్తూ గోడ మీద సర్వీసు చార్జీ పది శాతం అన్న కొత్త బోర్డు చూసి ఒళ్లు మండింది. దాన్ని బిల్లులో దానంతట అది కలపకూడదని 2022 జూలైలో కేంద్ర వినియోగదారుల రక్షణ సంస్థ మార్గదర్శకాలు ఇచ్చింది, 2025 మార్చిలో ఢిల్లీ హైకోర్టు వాటిని సమర్థించింది. ఎవరైనా కలిపితే తీసేయమని అడగండి, కాదంటే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోన్ చేయండి.

రెండోసారి బ్యాంకుకు ఉత్తరం రాసినప్పుడు మోసం అన్న మాటే వాడలేదు. ‘ఒక బిల్లుకు రెండు చెల్లింపులు తీసుకున్నారు, మొదటిదానికి స్లిప్పు రాలేదు’ అని ఒక్క వాక్యం రాసి, బిల్లు, స్లిప్పు, స్టేట్‌మెంటులోని రెండు వరుసలు, జీఎస్టీ పోర్టల్ పేజీ, మేనేజరు ఉత్తరం జతచేశాను. ఫిర్యాదు నంబరు తీసుకున్నాను. ఈ మధ్యలో కార్డు బిల్లును పూర్తిగా కట్టేశాను, ఎందుకంటే తగాదా నడుస్తోందని ఆపితే మిగతా ఖర్చుల మీద కూడా నెలకు మూడు శాతానికి పైగా వడ్డీ మొదలవుతుంది. పన్నెండో రోజున 3,486 రూపాయలు వెనక్కి వచ్చాయి.

అక్కడితో ఊరుకోమని ఇంట్లో అందరూ అన్నారు. కాని 2019 సెప్టెంబరులో రిజర్వు బ్యాంకు ఇచ్చిన ఆదేశం ఒకటి ఉంది. దాని ప్రకారం దుకాణంలో స్లిప్పు రాకుండా డబ్బు కోత పడితే ఐదు రోజుల్లో దానంతట అదే తిరిగి జమ కావాలి, ఆలస్యమైన ప్రతి రోజుకూ వంద రూపాయలు ఖాతాదారు అడగకుండానే ఇవ్వాలి. నాకు డబ్బు అందినది అరవై ఎనిమిదో రోజున. ఐదు పోగా అరవై మూడు రోజులకు 6,300 రూపాయలు నాకు రావాలని అదే ఫిర్యాదు నంబరు ఉటంకిస్తూ మళ్లీ రాశాను. ముప్పై రోజుల్లో జవాబు రాకపోతే బ్యాంకుల మీద ఫిర్యాదులు వినే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్ దగ్గరికి వెళ్లవచ్చు. నా ముప్పై రోజులు వచ్చే గురువారంతో పూర్తవుతాయి, అర్జీ రాసి బిస్కట్ల డబ్బాలో పెట్టాను.